అమ్మకు బాగలేదని రాయి

సూర్యాపేట
12 ఫిబ్రవరి 1948

సరోజక్కకు దావీదు దండాలు. అమ్మకు కూడ.

ఈ జాబు టపాల వెయ్యలె. బస్సు క్లీనర్ మల్లన్న చేతికిచ్చి కోదాడ పంపుతున్న. చదివి పొయ్యిల వెయ్యి.

తిండికి తక్కువ లేదు గని కదిలే దారి లేదు. మా డేరా సినిమా యజమాని తులసీరాం పోయిన నెల బెజవాడకని పోయి ఇగ రాలె. డేరా, ఇంజను, మిషను, నేను మిగిలినం. ఓ రోజు ఊర్ల దిగిన రజాకార్ల క్యాంపు కెప్టెన్ వచ్చి కుర్చీల కూసొని, "మిషను నడిపెటోడు ఎవడు" అని అడిగిండు. నేనే అన్న. "అయితే ఊరు దాటకు" అన్నడు. గంతే. కొట్టలె, తిట్టలె. గా రోజు నుంచి మాపటికి మాపు క్యాంపోళ్లకు బొమ్మ ఆడిస్తున్న. ఉన్న బొమ్మలు కొన్నే, తిప్పి తిప్పి అవే వేస్త. పాటలు వాళ్లే పాడుతరు. నేను బజారుకు పోతే ఒకడు వెనుక వస్తడు. ఊరోళ్లు నన్ను వాళ్ల మనిషి అనుకొని పక్కకు జరుగుతున్నరు.

పోయినేడు మిర్యాలగూడల మిషను బాగుచేస్తుంటే ఓ మద్రాసాయన నిలబడి సూసిండని చెప్పిన కదా. ఆయన కెమెరామేను. ఈస్టరు లోపల వస్తే తన కింద పెట్టుకుంటనని, నన్ను గీడ ఆపకముందే రాసిండు. చిన్నప్పుడు నాయన వెంట చిలుకూరు, మోతె తిరుగుకుంట పాదిరి దొర గోడ మీద చూపే గాజుబొమ్మల లాంతరు పట్టుకున్న కాడి నుంచి నాకు ఇదే పిచ్చి. ఇన్నేండ్లు ఎవరో తీసిన బొమ్మలు తిప్పిన. ఇగ తీసెటోళ్ల పక్కన నిలబడాలె అక్కా.

గందుకని ఒక పని చెయ్యి. అమ్మకు బాగలేదని నాకు టపాల ఓ జాబు రాయి. టపా క్యాంపోళ్లే విప్పి చదువుతరు గనుక నమ్ముతరు. కెప్టెన్‌కు తల్లంటే పానం. అది చూపిచ్చి సెలవడుగుత. కానీ కోదాడ కాడ సరిహద్దు నాకా దాటే దారి సాఫు ఉంటేనే రాయి. నీ జాబు అందిందంటే దారి ఉన్నదనుకొని బయలెల్లుత. ఇంటికి మాత్రం రాను. నన్ను వెతికితే మొదలు మనింటికే వస్తరు. రాలేదని నువ్వు నిజమే చెప్పాలె.

అమ్మకిది చెప్పకు, భయపడ్తది.

నీ తమ్ముడు
దావీదు


కోదాడ
21 ఫిబ్రవరి 1948

ప్రియమైన తమ్ముడు దావీదుకు, ప్రభువు నిన్ను కాపాడును గాక.

నీ దగ్గర నుంచి జాబు వచ్చి నెల దాటింది. ఎలా ఉన్నావో తెలియదు.

అమ్మకు బాగాలేదు. మొదట ఉట్టి జ్వరమే అనుకున్నాను. ఇప్పుడు చెమటలు పట్టి దుప్పటి తడిసిపోతుంది, అంతలోనే చలి. దవాఖానాలో పనిచేసే జానకి వచ్చి చూసి ఛాతీకి నెమ్ము చేరిందన్నది. బెజవాడ తీసుకుపోదామంటే నాకా దగ్గర బండ్లు ఆపుతున్నారు. మందులు అటు నుంచి రావడం లేదు. జానకి ఉన్నదేదో ఇస్తున్నది గానీ నా ముఖం చూడకుండా ఇస్తున్నది.

బడి మూసే ఉంది. పగలంతా అమ్మ మంచం దగ్గరే కూర్చుంటున్నాను. ఆమె నన్ను అడిగేది ఒకటే, "పిల్లగాడు ఎప్పుడొస్తడు?" నీకు ముప్పై ఏళ్లు దగ్గర పడ్డా ఆమెకు నువ్వు పిల్లగాడివే.

వెంటనే రా. ఒక్కదాన్ని నాకు చేతకావడం లేదు.

నీ అక్క
సరోజ


మద్రాసు
6 మార్చి 1948

నా బంగారు అక్కకు,

చేరిన.

ఇది కూడ టపాల వెయ్యలె, అటు వచ్చేటోళ్ల చేతికిచ్చి పంపుతున్న. నీ జాబు చదివి కెప్టెన్ కండ్లు తుడుచుకున్నడు. నెమ్ము అన్న కాడ ఆగి మళ్లొకసారి చదివిచ్చుకున్నడు. "పో, తల్లిని చూసుకొని రా" అని చిట్టీ రాసిచ్చి బస్సుల ముందట సీటు ఇప్పిచ్చిండు. నేను మొకం వేలాడేసుకొని కూసున్న. మునగాల దాటేదాక నవ్వు ఆపుకున్న. నా జాబే అందనట్టు మొదలువెట్టుడు, దుప్పటి తడిసిపోవుడు, జానకి మొకం చూడకుండ మందిచ్చుడు... బడి పిల్లలకు కతలు చెప్తవని తెలుసు గని ఇంత నిజమోలె రాస్తవనుకోలె.

అనుకున్నట్టే ఇంటికి రాలె. ఊరు రాకముందే దిగి, పొద్దుగూకంగ చర్చి వెనుక చేనుగట్టు మీదికెల్లి నడిచిన. మన ఇల్లు అవుపడ్డది. వాకిట్ల ఆడోళ్లు కూసొని కీర్తన పాడుతున్నరు. ప్రార్థన కూటం మనింట్ల పెట్టినవనుకున్న. జరసేపు నిలబడ్డ. కాళ్లు ఇంటి దిక్కే గుంజినయ్. వస్తే మీకే ఆపద అని ముందుకు పోయిన. జమ్లీ అనే లంబాడామె మేకలు తోలుకుంట నన్ను నాకా తప్పిచ్చి అవుతల దించింది.

మద్రాసాయన మాట నిలుపుకున్నడు. రేపటి నుంచి పని. అమ్మకిప్పుడు చెప్పు, కొడుకు బొమ్మలు తీసే కాడికి చేరిండని.

నీ తమ్ముడు
దావీదు


కోదాడ
24 మార్చి 1948

దావీదుకు,

నీ జాబు అందింది.

అమ్మ చనిపోయింది. సమాధి చర్చి వెనుక, తాటిచెట్ల వైపు.

ఇక నువ్వు ఇక్కడికి రావలసిన పని లేదు.

సరోజ


మద్రాసు
11 ఏప్రిల్ 1948

అక్కకు దండాలు.

నీ జాబు విప్పంగనే గుండె ఆగినంత పనైంది. మంచినీళ్లు తాగి మళ్ల చదివితే సమజైంది. సెలవు తీరినా నేను తిరిగి రాలేదని క్యాంపోళ్లు ఇంటి మీదికి రాకుండ టపా చదివేటోళ్ల కోసం రాసినవ్. పని లేదు రావద్దంటే, గాడ పరిస్థితి బాగలేదు రాకు అని. నీ తెలివికి దండం. అయినా గంత మాట రాయకక్కా. సమాధి జాగతో సహా రాయాల్నా?

ఇది కూడ మనిషి చేతనే పంపుతున్న. ఇగ గీడి ముచ్చట. ఒకనాడు కెమెరా మోస్త. ఒకనాడు తెర మీద మబ్బులు పూస్త. మైకు కట్టె పట్టుకునేటోడు రాకపోతే అది పట్టుకుంట. మొన్న ఫిలిం అతికే గదిల మనిషి తక్కువైతే గాడ కూసున్న. ఒక మనిషి ఏడ్చే మొకం పక్కన ఏ ముక్క అతికితే దాన్ని చూసి ఏడుస్తున్నట్టు అయితది. ఖాళీ మంచం అతికితే ఒకటి, రైలు అతికితే ఒకటి. మొకం అదే. నాకు రెండు రోజులు అన్నం సయించలె.

అన్నీ నేర్చుకుంటున్న గని ఈ జాగ కూడ బందెలదొడ్డే. మూడేండ్లకు సంతకం పెట్టిచ్చుకున్నరు. గేటు దాటాలంటే చిట్టీ కావాలె. రోడ్డు అవుతల సముద్రం ఉన్నదట, ఇంకా చూడలె. పగలు తీసిన అట్ట మహలు వెనుకనే పండుకుంట. గాడ ఒక కెప్టెన్, గీడ ఒక మేనేజరు.

అమ్మకు చెప్పు, గీడ అన్నం మెత్తగ వండుతరని. ఆమె లెక్క ఎవరు వండలేరని.

దావీదు


మద్రాసు
26 ఆగస్టు 1948

అక్కా,

నీ మార్చి జాబు తర్వాత ఇది నాలుగో జాబు. ఒక్కదానికీ జవాబు లేదు. సరిహద్దు కాడ టపా ఆపిన్రని అందరంటున్నరు. నువ్వు రాస్తనే ఉండొచ్చు, ఏ సంచిలనో ఇరుక్కొని ఉండొచ్చు.

విదేశం నుంచి వార్తాచిత్రాల కంపెనీ దొర ఒకాయన వచ్చిండు. హైదరాబాదు మీదికి పటాలం పోతే వెంట పోయి తీయాలని. తెలుగు, ఉర్దూ, కెమెరా, ఆ తొవ్వ, నాలుగూ తెలిసిన మనిషి కావాలంటే మేనేజరు నన్ను కొన్నాళ్లకు ఇచ్చిండు. అంటే నేను కోదాడ మీదికెల్లి వస్తున్న. అమ్మను వాకిట్ల కూసోబెట్టు. ఈసారి దొంగతనంగ కాదు, బండి మీద నిలబడి వస్త.

దావీదు


సూర్యాపేట
16 సెప్టెంబరు 1948

సరోజక్కకు,

ఎట్ల మొదలుపెట్టాల్నో తెలుస్తలేదు.

మా బండి పటాలం నడుమ ఉండె. కోదాడల ఆగనియ్యలె. రోడ్డుకు రెండు దిక్కుల జనం. నేను కెమెరాలకెల్లి మీ ఇద్దరి కోసమే చూసిన. దొర "జనం చేతులు తియ్యి, చేతులు" అంటుండు. చేతులే తీసిన. ఎవరెవరివో.

ఇక్కడ మూసీ వంతెన కూల్చిన్రు గనుక బండ్లు ఆగినయ్. బస్ అడ్డా కాడ మల్లన్న అవుపడ్డడు. నేను నవ్వుకుంట పోయిన. ఆయన నవ్వలె.

"తల్లి సావుకు రాకపోతివేందిరా?" అన్నడు.

"ఏ సావు?" అన్న.

ఆయన నా మొకం చూసి నన్ను బస్సు చాటుకు తీసుకపోయిండు. ఫిబ్రవరిల నేనిచ్చిన జాబు నీకు ఇయ్యలేదట. మునగాల కాడ బస్సు ఆపి ఒక్కొక్కరి జేబులు దేవుతుంటే భయపడి చింపి పారేసిండట. ఆ భయానికి రెండు వారాలు ఇటు దిక్కు రాలేదట, నాకు చెప్పుదామని మళ్లొచ్చేసరికి నేను బయలెల్లి పోయినట. "నీ పానం కాపాడిననుకున్న దావీదూ" అన్నడు.

అక్కా, ఆ జాబుల నేను నిన్ను అడిగింది ఒకటే, అమ్మకు బాగలేదని ఉత్తుత్త రాయమని. దారి సాఫు ఉంటేనే రాయమని. ఇంటికి రానని. నువ్వు రాసింది అందుకే అనుకున్న. రెండో జాబు కూడ గందుకే అనుకున్న. బస్సుల నవ్వుకుంట పోయిన.

వెనక్కి వస్తనని దొరను బతిమిలాడిన. పట్నం చేరాలన్నడు. నడిచి పోతనంటే రోడ్డు మీద కర్ఫ్యూ, వెనుక దిక్కు ఒక్క మనిషిని పోనిస్తలేరు. ముందుకు తప్ప తొవ్వ లేదు. బండిల కూసొని రాస్తున్న. చుట్టూ మంది సంబురపడుతున్నరు.

దావీదు


మిర్యాలగూడ
14 నవంబరు 1948

దావీదుకు,

నీ సెప్టెంబరు జాబు చాలాసార్లు చదివాను. ఇన్నాళ్లూ అర్థం కాని మాటలన్నీ ఇప్పుడు అర్థమయ్యాయి. ఆ మార్చి నెలలో నీ జాబు చదివినప్పుడు, వీడికి మతి పోయిందా, లేక మనసే లేదా అనుకున్నాను. అమ్మ చెమటల గురించి నేను బాగా రాశానని మెచ్చుకున్నావు. ఆ కాగితం చేతిలో పట్టుకొని ఎంతసేపు కూర్చున్నానో.

వాకిట్లో నువ్వు చూసినది ప్రార్థన కూటం కాదు. అమ్మ పక్కన ఉండడానికి వచ్చినవాళ్లు. నువ్వు గట్టు మీద నిలబడ్డప్పుడు ఆమె ఇంకా బతికే ఉంది.

తెలియక చేశావు. అది నాకు తెలుసు. తెలిసినంత మాత్రాన మనసు కుదుటపడడం లేదు. ఊళ్లో అందరూ, "సినిమా కోసం తల్లిని చూడకుండా పోయాడు" అన్నారు. కాదని చెప్పడానికి అప్పుడు నా దగ్గర ఏమీ లేదు. ఇప్పుడు ఉంది గానీ వినేవాళ్లు లేరు. ఆ మాటల మధ్య ఉండలేక బదిలీ అడిగి ఇక్కడి బడికి వచ్చేశాను. ఇక్కడా అంతే, బడి, ఇల్లు. చీకటి పడితే సోదాలు. ఒక పక్క పోలీసులు, ఒక పక్క అడవిలో వాళ్లు. తలుపు ఎవరు తట్టినా ఒకటే భయం.

అక్టోబరులో నువ్వు కోదాడ వచ్చి సమాధి దగ్గర కూర్చున్నావని జానకి రాసింది. నా అడ్రసు నీకు ఇవ్వొద్దని నేనే చెప్పాను. క్రిస్మసుకు రాకు. ఎదురుగా నిన్ను చూసి ఏం మాట్లాడతానో నాకే తెలియదు.

సరోజ


బొంబాయి
9 జూలై 1949

అక్కకు దండాలు.

నువ్వు రావద్దన్నవు, రాలె. ఇది కూడ రాయకూడదనుకున్న గని నీకు చెప్పకుండ జరిగితే ఇంకా తప్పయితది.

ఆ వార్తాచిత్రం బయటి దేశాలల్ల ఆడింది. దొర నన్ను మద్రాసు నుంచి ఇడిపిచ్చిండు. ఇప్పుడొక పెద్ద కంపెనీ సిలోనుల, ఆ పైన మలయా దేశంల సినిమా తీస్తున్నది. రెండో కెమెరాకు నన్ను పెట్టుకున్నరు. పాస్‌పోర్టు కోసం పోలీసు విచారణ రావాలె. సూర్యాపేట క్యాంపుల బొమ్మలు ఆడిచ్చిన సంగతి కాగితాల మీద ఉన్నదట. "వాళ్లు నిన్ను ఎందుకు వదిలిన్రు? వదిలినంక ఎటు పోయినవ్? వాళ్ల వేగువై సరిహద్దు దాటినవా?" అని అడిగిన్రు. తల్లికి బాగలేకపోతే సెలవిచ్చిన్రని చెప్పిన. మరి తల్లి కాడికి పోయినవా అని అడిగిన్రు. మా అక్కను అడగండి అన్న.

అందుకని వాళ్లు నీ కాడికి వస్తరు. నా బంధువులంటే నువ్వొక్కదానివే. నీ మనసుకు ఏది తోస్తే అది చెప్పు. నేను పోకుండ ఆగినా నీ మీద కోపం పెట్టుకోను. ఎక్కడున్నా నాకు తలుపులు మూసినట్టే ఉంటది. కెమెరా వెనుక ఉన్నంతసేపే ఊపిరాడుతది. అది బందైతే మళ్ల ఆ చేనుగట్టు మీదనే ఉంట.

దావీదు


మిర్యాలగూడ
22 ఆగస్టు 1949

తమ్ముడు దావీదుకు,

వాళ్లు రాలేదు, నన్నే పిలిపించారు. బడి వదిలాక వెళ్లాను. సబ్ ఇన్‌స్పెక్టరు కొత్తవాడు, కోస్తా మనిషి. కూర్చోమన్నాడు.

"మీ తమ్ముడు క్యాంపులో పని చేశాడా?"

"చేయించుకున్నారు" అన్నాను.

"సెలవెందుకు ఇచ్చారు?"

"అమ్మకు జబ్బు చేస్తే నేనే జాబు రాశాను."

"నిజంగా జబ్బేనా?"

"ఆ జబ్బుతోనే పోయింది."

అతను కలం కింద పెట్టాడు. "చూడమ్మా, తల్లి కోసం సెలవు తీసుకున్న కొడుకు తల్లి దగ్గరికి వచ్చి ఉంటే ఇందులో ఏమీ లేదు. రాకుండా సరిహద్దు దాటాడంటే మాత్రం ఎవరి పని మీద దాటాడో తేలాలి. వచ్చాడా?"

దావీదూ, అక్కడికి పోయేటప్పుడు నిజం చెప్పాలనే పోయాను. మల్లన్న సంగతి, నీ ఉపాయం, అన్నీ వరసగా మనసులో అనుకున్నాను. ఆ గదిలో చెప్పబోతే అవి ఎవరూ నమ్మే మాటల్లా లేవు. చింపేసిన జాబట, ఉత్తుత్త జబ్బట, అది నిజమైందట. పక్క గదిలో ఎవరినో కొడుతున్నారు. కొడుతుంటే లెక్కపెడుతున్నారు.

"వచ్చాడు" అన్నాను.

"ఎంతసేపు ఉన్నాడు?"

"చివరిదాకా ఉన్నాడు. వాడి చేతుల మీదే పోయింది."

నా సంచిలో బైబిలు చూసి దాని మీద చెయ్యి పెట్టి చెప్పమన్నాడు. పెట్టాను. ఇరవై ఏళ్లుగా పిల్లలకు అబద్ధమాడొద్దని నేర్పుతున్న చెయ్యి. ఇంటికొచ్చాక బైబిలు పెట్టెలో పెట్టేశాను.

పోయిన ఆదివారం చర్చికి పోలేదు. వచ్చే ఆదివారం పోతానో లేదో తెలియదు. నిన్ను క్షమించి చేశానని అనుకోకు. వాళ్ల చేతికి నిన్ను ఇవ్వలేక చేశాను. రెండూ ఒకటేనేమో, నాకు ఇంకా తెలియలేదు.

ప్రయాణంలో నీళ్లు కాచి తాగు.

నీ అక్క
సరోజ


కొలంబో
17 అక్టోబరు 1949

అక్కా,

వచ్చిన. పని మస్తుగ ఉన్నది. తెల్లారకముందే అడవిలకు పోతం. ఏనుగులను తీస్తున్నం. మొన్న పెద్ద కెమెరామేనుకు జ్వరమొస్తే మూడు రోజులు నేనే తీసిన. చూసి మంచిగుందన్నరు. నీకు తప్ప ఎవరికీ చెప్పుకోబుద్ధి కాలె.

పాస్‌పోర్టు ఇచ్చేటప్పుడు బొంబాయి ఆఫీసరు నా కాగితం చదివి, "తల్లి నీ చేతుల్లో పోయిందట, పుణ్యాత్ముడివి" అన్నడు. అవునన్న. కాదంటే నువ్వు దొరుకుతవు. ఇగ ఎక్కడికి పోయినా, ఎవరు అడిగినా అదే చెప్పాలె. ఈ మాటల నుంచి బయటపడే తొవ్వ లేదక్కా. ఓడల ఒకాయన అడిగిండు, అప్పుడు మీ అమ్మ ఏమన్నదని. నాకేం తెలుసు?

నువ్వు నన్ను ఆమె పక్కన కూసోబెట్టినవు. గాడ ఏం జరిగిందో నాకు తెలియదు. ఇన్నాళ్లు అడిగే మొకం లేకుండె. ఇప్పుడు అడుగుతున్న. రాయి.

దావీదు


మిర్యాలగూడ
13 నవంబరు 1949

ప్రియమైన తమ్ముడు దావీదుకు,

రాస్తాను. ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు.

ఆ రోజు పొద్దున అమ్మకు కొంచెం తేటగా ఉంది. గంజి రెండు చెంచాలు తాగింది. మంచం వాకిలి వైపు తిప్పమన్నది. నేనూ జానకీ తిప్పాం. జడ విప్పి మళ్లీ వెయ్యమన్నది. జుట్టు అంటుకుపోయి ఉంటే కొబ్బరినూనె రాసి మెల్లగా దువ్వాను. "గట్టిగ గుంజకు, నీ చెయ్యి చిన్నప్పటి నుంచి మోటే" అన్నది.

మధ్యాహ్నం మళ్లీ ఆయాసం మొదలైంది. జానకి బయటికి పోయి కొంగుతో ముఖం తుడుచుకొని వచ్చింది. పొద్దు వాలేసరికి వాకిట్లో మనవాళ్లు చేరారు. అమ్మ వాళ్లను మెల్లగా పాడమన్నది, తను ఏదో వినాలన్నట్టు. బస్సు చప్పుడు కోసమేమో. తర్వాత నన్ను దగ్గరికి రమ్మని, "ఇయ్యాల పిల్లగాడు ఏం బొమ్మ ఆడిస్తుండు?" అని అడిగింది.

నాకు సినిమాలు తెలియవు కదా. నీ డేరాకు వచ్చిందే ఒకసారి, అది కూడా సగంలో లేచిపోయాను. కానీ ఆమె చూస్తూ ఉంది. ఒక పిల్ల కథ అమ్మా, అన్నాను. ఎద్దులను తోలుకొని పక్క ఊరికి పోయింది, తిరిగొచ్చేసరికి వాగు పొంగింది.

"ఎడ్లు ఎవరియి?" అన్నది.

వాళ్లవే అన్నాను. పిల్ల ఎద్దును ముందు దింపి తను కొమ్ములు పట్టుకొని దాటబోయిందని చెప్పాను.

"కొమ్ములు పట్టుకుంటే మునుగుతది. తోక పట్టుకోవాలె" అన్నది. సరే, తోకే పట్టుకున్నదన్నాను. ఒడ్డున ఎవరూ లేరా అని అడిగింది. ఉన్నారు, పిలుస్తున్నారు గానీ నీళ్ల చప్పుడులో వినపడలేదన్నాను. అది ఎందుకు అన్నానో తెలియదు. నోటికి అదే వచ్చింది. అమ్మ నా వేలు ఒకటి పట్టుకొని ఉంది. ఊపిరి తీసినప్పుడల్లా వేలు బిగిసేది.

తర్వాత, "ఇల్లు చేరిందా?" అన్నది.

"చేరింది" అన్నాను.

"అన్నం తిన్నదా?"

"తిన్నది. తిని పడుకున్నది."

"మంచిగుంది బొమ్మ" అన్నది. ఆ తర్వాత మాట్లాడలేదు. వేలు బిగియడం ఎప్పుడు ఆగిందో నాకు తెలియలేదు. జానకి వచ్చి నా చెయ్యి విడిపించింది.

ఇది జరిగింది. ఎవరైనా అడిగితే ఇది చెప్పు. నేను ఉన్న చోట నువ్వు ఉన్నావని చెప్పు, మిగతాదంతా నిజమే.

బడి గంట కొట్టారు. పోవాలి. అక్కడ వానలెక్కువట, తల తుడుచుకో.

నీ అక్క
సరోజ